నా సవతి వయసు

పెళ్లైన కొత్తలో మా ఆయన బీరువాలోంచి ఒక పెద్ద ఫోటో తీసి నా ముందు పరిచి, "నా జీవితమంతా ఈవిడతోనే. ముందే చెబుతున్నా, తర్వాత ఏమీ అనుకోకు" అన్నాడు. నా గుండె గుభేలుమంది. తీరా చూస్తే అందులో ఆడమనిషి కాదు కదా, అసలు మనిషే లేదు. బూడిదరంగు నేల, నడుమ పెద్ద గుంట, ఒళ్లంతా మచ్చలు. అంగారక గ్రహం మీది అగ్నిపర్వతమట. దానికి నోరు తిరగని పేరేదో ఉంది. నాకెందుకొచ్చిన గొడవని ఆ రోజే దానికి సవతి అని పేరు పెట్టేశాను. ఇప్పటికీ మా ఇంట్లో అదే పేరు. ఆయన ఆలస్యంగా ఇంటికొస్తే "ఏం, మా సవతి వదల్లేదా?" అంటాను. "వదిలింది గానీ, మనసే ఇంకా రాలేదు" అంటాడు సిగ్గులేకుండా.

మా ఆయన ఈ భూమి మీద కాళ్లు పెట్టుకుని పక్క గ్రహం సంగతులు చూసే భూగర్భ శాస్త్రవేత్త. ఆ కొండని తాకింది లేదు, తాకేదీ లేదు, ఫోటోలతోనే కాపురమంతా. నేను మ్యూజియంలో నమూనాలు చేస్తాను. ఏనుగు పుర్రె అడిగితే ఏనుగు పుర్రె, నది కోసిన లోయ అడిగితే లోయ. ప్లాస్టర్ పొడి నా జుట్టులోంచి ఎన్నడూ పూర్తిగా పోదు. ఇన్నేళ్లలో ఆయన పనీ నా పనీ ఒకదానికొకటి ఎదురుపడలేదు. మొన్న మ్యూజియంలో గ్రహాల గది కొత్తగా కట్టి, మధ్యలో పెట్టడానికి ఒక పెద్ద అగ్నిపర్వతం కావాలన్నారు. ఏదని అడిగితే, నా సవతేనట. గది తెరిచే రోజే మా ఆయనకి రిటైర్మెంట్ సన్మానం కూడా అక్కడే చేస్తామన్నారు. అంటే నా సవతిని నా చేతులతో నేనే తయారుచేసి, నలుగురిలో నిలబెట్టి, నా మొగుడి పక్కన ఫోటో తీయించాలి. రాత అంటే ఇదే.

మొదటి గొడవ ఎత్తు దగ్గర వచ్చింది. మా క్యూరేటర్ మంచివాడే, కాకపోతే కొండ అంటే ఐస్‌క్రీమ్ కోన్ బోర్లించినట్టుండాలని ఆయన నమ్మకం. నేను చేసిన మొదటి అచ్చు చూసి మొహం మాడ్చుకున్నాడు.

"ఇదేంటమ్మా, పళ్లెం బోర్లించినట్టుంది? మన భూమ్మీది కొండలన్నిటికంటే ఎత్తైనదని కదా అన్నారు?"

పక్కనే ఉన్న మా ఆయన ఒంటికాలి మీద లేచాడు. "ఎత్తే సార్. కానీ ఎంత ఎత్తో అంతకు పాతిక ముప్పై రెట్లు వెడల్పు. డాలు అగ్నిపర్వతం అని ఊరికే అన్నారా? దాని లావా నూనెలాగా పల్చగా ఉంటుంది. పారి పారి ఎక్కడో దూరంగా వెళ్లి గట్టిపడుతుంది. దాని మీద ఇంకో పొర, దాని మీద ఇంకోటి. మీరు వెళ్లి దాని ఒంటి మీద నిలబడ్డారనుకోండి, కొండెక్కినట్టే తెలీదు మీకు."

"మరి అంత పెద్దది ఎలా అయిందండీ?"

"ఇక్కడ మన కాళ్ల కింద నేల పలకలు నెమ్మదిగా జరుగుతూ ఉంటాయి. కింద పొయ్యి ఒకచోటే మండుతున్నా పైన నేల ముందుకెళ్లిపోతుంది. అందుకని ఒక కొండ సగంలో ఆగిపోయి, పక్కన ఇంకోటి మొదలవుతుంది. అక్కడ నేల కదలదు. కోట్ల ఏళ్లు ఒకేచోట పోసుకుంటూ పోతే పెరగదా మరి?"

"కదలకుండా ఒకేచోట కూర్చుంటే పెరగక ఏమవుతుంది" అన్నాను నేను, ఆయన చొక్కా బొత్తాల వైపు చూస్తూ. క్యూరేటర్ నవ్వాపుకోలేక, "మీ ఆలుమగల మధ్య నేనెందుకండీ, ఉన్నదున్నట్టే చేయండి" అని వెళ్లిపోయాడు. అలా నా సవతి ఉన్న ఎత్తునే ఉండిపోయింది.

ఇప్పుడు మా ఆయన గొప్ప గురించి చెప్పాలి. ఆయనకి గొప్పలు పోవడం రాదు, ఒక్క విషయంలో తప్ప. ఆ కొండ దక్షిణపు వాలు మీద చివరగా పారిన లావా ఒకటుంది. దాని వయసు కట్టింది ఆయనే. ఎలా కట్టావయ్యా అంటే, గుంటలు లెక్కపెట్టి. ఆకాశంలోంచి ఉల్కలు పడుతుంటాయి, పడ్డచోటల్లా గుంట పడుతుంది. ఎక్కువ గుంటలుంటే ఆ నేల ఎక్కువకాలం బయట పడి ఉందన్నమాట. మా వంటింట్లో ఏ గిన్నెకి ఎక్కువ సొట్టలుంటే అది అంత పాతదని నేను చెప్పగలను కదా, ఇదీ అంతే. వయసులో ఉన్నప్పుడు ఆయన భూతద్దం పట్టుకుని, అప్పట్లో దొరికిన ఫోటోల మీద ఒక్కొక్క గుంటా లెక్కపెట్టి, ఆ లావా చల్లారి వంద కోట్ల ఏళ్లు దాటిందని తేల్చాడు. అంటే ఆ కొండ చచ్చి అంతకాలమైందని. ఆ మాటే అందరూ ఒప్పుకున్నారు, పుస్తకాల్లోకి ఎక్కింది. గ్రహాల గదిలో నమూనా పక్కన పెట్టే ఇత్తడి పలక మీద ఆ వయసూ, దాని కింద మా ఆయన పేరూ చెక్కబోతున్నారు. ఇంకేం కావాలి, మనిషి గాల్లో తేలుతున్నాడు. స్నానాల గదిలో సన్మానం రోజు మాట్లాడాల్సిన మాటలు సాధన చేస్తుంటే నేను బయట నిలబడి వినేదాన్ని. నవ్వొచ్చేది. ముద్దొచ్చేవాడు కూడా, అబద్ధమెందుకు.

నాకు కావలసిన ఎత్తుపల్లాల కొలతలన్నీ తెచ్చిచ్చే పని ఆయన దగ్గర పరిశోధన చేసే అమ్మాయికి అప్పజెప్పారు. చిటికెడంత ఉంటుంది, ఒకచోట నిలవదు, అందుకని ఆయన పిచ్చుక అంటాడు, నేనూ అదే అంటాను. పిల్లలు లేని ఇంట్లో ఆ పిచ్చుక వచ్చి వాలిన దగ్గర్నుంచి మా వంటింటి డబ్బాల్లో బిస్కెట్లు నిలవడం లేదు. ఆయన మాటంటే దానికి వేదవాక్కు.

కొండ మొత్తాన్నీ స్పాంజి దిమ్మెల్లో యంత్రమే కోస్తుంది. దాని మీద ప్లాస్టర్ పూత పూసి, సన్నటి పని మాత్రం నేను చేత్తో చెక్కాలి, పళ్ల డాక్టర్లు వాడేలాంటి ఉక్కు పుల్లలతో. చెక్కుకుంటూ చెక్కుకుంటూ దక్షిణపు వాలు దగ్గరికి, మా ఆయన లావా దగ్గరికి వచ్చాను. దాని మీద గుంటలు వరసగా ఉన్నాయి. ఉల్క పడిన గుంటకి చుట్టూ గట్టులా అంచు లేస్తుందని ఆయన మొదట్లోనే చెప్పి, అన్నిటికీ అంచులు పెట్టించాడు. ఇక్కడ పిచ్చుక ఇచ్చిన కొలతల్లో గుంటల లోతులున్నాయి, అంచుల ఎత్తులు లేవు.

మధ్యాహ్నం టీ తాగుతూ అడిగాను. "ఏమే, ఈ వరసలో గుంటలకి అంచు ఎంత ఎత్తు పెట్టను?"

పిచ్చుక కప్పులోకి చూస్తూ, "మీ ఇష్టం ఆంటీ" అంది.

"నా ఇష్టమేమిటే? ఇదేమన్నా నా జుట్టా, నా ఇష్టమొచ్చినట్టు దువ్వుకోవడానికి?"

"కొంచెంగా పెట్టేయండి. ఎవరు చూస్తారు?"

అది ఆ మాట అంటుందని నేను కలలో కూడా అనుకోలేదు. ఇసుకరేణువంత తేడా వచ్చినా నా ప్రాణం తీసే పిల్ల. నేను కప్పు కింద పెట్టి, "నీళ్లు నమలకుండా చెప్పు. అంచులున్నాయా, లేవా?" అన్నాను.

"లేవు ఆంటీ" అంది, అని ఏడుపు మొదలుపెట్టింది.

ఏడుపు మధ్యలో ముక్కలు ముక్కలుగా చెప్పింది. ఆ కాలంలో సార్ దగ్గరున్న ఫోటోలన్నీ నడినెత్తిన ఎండ ఉన్నప్పుడు తీసినవి. నీడలు లేవు. గుంట ఉందని తెలుస్తుంది కానీ దానికి అంచుందో లేదో తెలీదు. ఇప్పుడు ఏటవాలు ఎండలో తీసిన కొత్త ఫోటోలు వచ్చాయి. చూస్తే ఆ వరసలో దేనికీ అంచు లేదు. ఉల్క గుద్దితే మట్టి ఎగిరిపడి అంచు లేవాలి. అంచు లేదంటే అవి పైనుంచి ఏదీ పడి చేసినవి కావు. లావా పైపైన గట్టిపడి, లోపల మాత్రం పారుతూ పోతే సొరంగం మిగులుతుంది. తర్వాత దాని కప్పు అక్కడక్కడ కూలుతుంది. ఇవి ఆ కూలిన గుంటలు. అందుకే ఒకే వరసలో ఉన్నాయి. వాటితో వయసుకి ఏ సంబంధమూ లేదు.

"అంటే మీ సారు లెక్క..."

"తప్పు ఆంటీ. వాటిని తీసేస్తే ఆ లావా వయసు చాలా చాలా తక్కువ."

"ఆయనకి చెప్పావా?"

"ఎలా చెప్పను? పలక మీద పేరు చెక్కబోతున్నారు. ఇప్పుడు నేను వెళ్లి, సార్ మీరు జీవితమంతా చెప్పింది తప్పు అనాలా? ఈ పని నేను వదిలేస్తా. ఇంకేదన్నా చూసుకుంటా."

అదీ సంగతి. ఈ పిల్ల పెదవి విప్పితే మా ఆయన పేరు పోతుంది. విప్పకపోతే దీని కష్టం బూడిదలో పోసినట్టే, పైగా పలక మీద తప్పు మాట శాశ్వతంగా ఉండిపోతుంది. నాకు ఒళ్లు మండింది. దీని మీద కాదు, ఎవరి మీదని అడిగితే చెప్పలేను. "ఏడవకు. ముందా బిస్కెట్ తిను" అన్నాను, ఇంకేం అనాలో తోచక.

ఆ సాయంత్రం ఇంటికి వెళ్తే ఆయన కొత్త చొక్కా వేసుకుని అద్దం ముందు నిలబడ్డాడు. "ఏమోయ్, ఈ రంగు నాకు నప్పిందా?" అన్నాడు. నప్పింది. నిజంగానే నప్పింది. ఏ మొహం పెట్టుకుని చెప్పను? "వెనక చీటీ కత్తిరించుకోండి" అని వంటింట్లోకి వెళ్లిపోయాను. ఆ మనిషి మొహంలో ఆ వెలుగు ఆరిపోతే చూడగలనా అని ఆలోచిస్తూ కూర చేశాను. ఉప్పు వేయలేదని ఆయన తినేదాకా తెలీలేదు. ఆయన మాట్లాడకుండా తినేశాడు, ఎప్పట్లాగే.

మర్నాడు పనిలో కూర్చుని పుల్ల చేతిలోకి తీసుకున్నాను. అంచులు పెట్టడం ఎంతసేపు? గోరంత ప్లాస్టర్ చాలు. కానీ చెయ్యి వెళ్లలేదు. మా ఆయన ఏ కొండకీ ఏ రోజూ లేనిది ఉన్నట్టు చెప్పి ఎరగడు. ఎత్తు పెంచమంటేనే ఒంటికాలి మీద లేచిన మనిషి. ఆయన్ని కాపాడటానికి ఆయన పేరు మీదే అబద్ధం చెక్కితే, అది కాపాడటం ఎలా అవుతుంది? వరస మొత్తం అంచుల్లేకుండానే చెక్కేశాను.

మూడో జాము ఎండ తగ్గే వేళకి ఆయనే వచ్చాడు, వెనకాల పిచ్చుక. "ఎంతవరకొచ్చింది నీ సవతి?" అని హుషారుగా అడిగాడు. నేను లేచి కిటికీ తెరలు లాగేసి, గదిలో లైట్లన్నీ ఆపి, ఒక్క దీపం మాత్రం బల్ల అంచున నేలబారుగా పెట్టాను. ప్లాస్టర్ పని చేసేవాళ్లం ఎగుడుదిగుడులు పట్టుకోవడానికి ఇలాగే చూస్తాం. పక్క నుంచి వెలుగు పడితే వెంట్రుకంత గీత కూడా దాక్కోలేదు. పిచ్చుకకి అర్థమైపోయింది. "వద్దాంటీ" అంది.

కొండ మీద నీడలు సాగాయి. అన్ని గుంటల చుట్టూ తెల్లగా సన్నటి అంచులు మెరిశాయి. దక్షిణపు వాలు మీది వరస మాత్రం నల్లగా, నోళ్లు తెరుచుకుని ఊరికే ఉంది.

ఆయన వంగి చూశాడు. "వీటికి అంచులు మర్చిపోయావోయ్" అన్నాడు.

"మర్చిపోలేదండీ."

ఆయన నా వైపు చూశాడు. తర్వాత పిచ్చుక వైపు చూశాడు. మళ్లీ కొండ వైపు చూశాడు. అలా చూస్తూనే ఉన్నాడు.

"ఎన్నాళ్లనించి తెలుసమ్మా నీకు?"

"చలికాలం నుంచి సార్."

"చలికాలం నుంచి!" గట్టిగా అరిచాడు. మా ఆయన అరవగా నేను వినడం అదే మొదటిసారి. "అన్నాళ్లూ నా ఎదురుగా కూర్చుని టీ తాగావా? నన్ను చూసి జాలిపడ్డావా? నేను నీకేం నేర్పాను మరి? ఇదా నేను నేర్పింది?" అని తలుపు తీసుకుని బయటికి వెళ్లిపోయాడు. పిచ్చుక అక్కడే నేల మీద కూలబడింది.

నేను ఆయన వెనకాల వెళ్లాను. సామాను దించే వాకిట్లో ఖాళీ చెక్కపెట్టె మీద కూర్చుని ఉన్నాడు. మోకాళ్ల మీద చేతులు, చేతుల్లో కళ్లజోడు. ఏడుస్తున్నాడేమో అనుకున్నాను. పక్కనే కూర్చున్నాను.

"నడినెత్తి ఎండ" అన్నాడు. "నీడల్లేవోయ్. అంచులు నేనే ఊహించుకున్నాను. గుంట కనబడగానే చుట్టూ పెన్సిల్‌తో గీసేవాణ్ని. గీసీ గీసీ అవి ఉన్నాయనే నమ్మేశాను."

"అప్పుడు ఎవరికి మాత్రం తెలుస్తుందండీ."

"నువ్వూ జాలిపడకు."

"జాలా, నా మొహమా! పిల్లని అరిచారు. ఏడుస్తోందక్కడ. లేచి రండి ముందు."

ఆయన కదల్లేదు. కాసేపటికి మెల్లగా, "ఇంతకీ దాని లెక్కలో వయసెంత వచ్చిందట?" అన్నాడు.

"నాకేం తెలుసు? నా సవతి లెక్కలు మీరే చూసుకోండి" అన్నాను. లేచాడు.

లోపలికి వచ్చి లైట్లు వేసి, పిచ్చుకని చెయ్యి పట్టి లేపాడు. "నీ ఫోటోలు చూపించు" అన్నాడు. అది సంచిలోంచి పెద్ద ప్రింటు తీసి బల్ల మీద పరిచింది. అంచున్న అసలు గుంటల చుట్టూ ఆకుపచ్చ సున్నాలు చుట్టి పెట్టింది. పక్కన కంప్యూటర్ తెరిచింది.

"ఎంత?"

"పది కోట్ల ఏళ్లు సార్" అంది, తప్పు తనదే అయినట్టు.

వంద కోట్ల పైమాట పదికి పడిపోయింది. ఆయన నా పనిబల్ల మీద ఉన్న ఎర్ర పెన్సిల్ తీసుకుని, కళ్లజోడు పెట్టుకుని, ప్రింటు మీదకి వంగాడు. పరీక్ష పేపర్లు దిద్దేటప్పుడు ఎలా వంగుతాడో అలాగే. ఒక ఆకుపచ్చ సున్నా దగ్గర పెన్సిల్ ఆగింది.

"దీనికి అంచు ఏదీ?"

పిచ్చుక కంప్యూటర్ వైపు తిరిగింది.

"అడుగుతున్నాను. దీనికి అంచు ఏదమ్మా?"

"ఏమో సార్... ఉందేమో అనుకుని..."

"ఉందేమో అనుకోలేదు నువ్వు. నా మొహం చూసి వదిలేశావు. వయసు మరీ పడిపోకుండా నాకోసం కొన్ని ఉంచావు. అవునా కాదా?"

అది తల దించుకుంది. అవుననే.

నాకు ఆ పిల్లని కావలించుకోవాలనిపించింది, రెండు తగిలించాలని కూడా అనిపించింది. ఆయన మాత్రం ఆ సున్నాని ఎర్రగా కొట్టేశాడు. "ఇది తీసేసి చూడు" అన్నాడు. అది మీట నొక్కి, "తొమ్మిది" అంది. ఆయన ఇంకోటి కొట్టేశాడు. "ఇదీ కూలిన గుంటే." ఇంకోటి. "ఇది గుంటే కాదు, మరక." ఎనిమిది అంది, ఆరు అంది. తన లెక్కని తానే తవ్వి పారేస్తున్నాడు మనిషి. చూడలేక ఆయన చేతిలోంచి పెన్సిల్ లాక్కుందామనుకుని దగ్గరికి వెళ్లాను. అప్పుడు చూశాను ఆయన మొహం. చెవుల దాకా నవ్వుతున్నాడు.

"ఎంతకొచ్చింది?"

"మూడు కోట్లు సార్. అంతకంటే తక్కువే."

"మూడు కోట్లు!" ఆయన పెన్సిల్ పారేసి రెండు చేతులూ జుట్టులోకి పోనిచ్చుకున్నాడు. "మూడు కోట్లంటే దాని ఆయుష్షులో నిన్న సాయంత్రమోయ్! నిన్న సాయంత్రం దాకా లావా పోసిన కొండ ఇవాళ చచ్చిందని ఎవడంటాడు? బతికే ఉందని నేననను, అనడానికి ఇంకా చాలా చూడాలి. చచ్చిందని మాత్రం ఇక ఎవడూ అనలేడు. కింద ఎక్కడో ఇంకా వెచ్చగానే ఉండుంటుంది."

"కానీ సార్, మీ పేరు..." పిచ్చుక మళ్లీ ఏడుపందుకుంది. "పలక మీద మీ పేరు పోతుంది సార్."

"పోనీవే" అన్నాడు. ఆయన కళ్లలోనూ నీళ్లున్నాయి, తుడుచుకోవడం లేదు. "పేరుదేముంది! చచ్చిందనుకుని జీవితమంతా దానికి కాపలా కూర్చున్నాన్రా నేను. బతికుండొచ్చని నువ్వు చెప్పావు. ఇంతకంటే మంచి కబురు నాకు ఎవరు తెస్తారు? నీ పేపర్లో నా పేరు కూడా రాయి. తప్పు లెక్కపెట్టింది ఎవరో జనానికి తెలియాలి కదా, అక్కడ రాయి."

నాకు ఆయన మీద ఎప్పుడూ ప్రేమే. కానీ ఆ నిమిషంలో, ప్లాస్టర్ పొడి మధ్య, ముక్కు మీదకి జారిన కళ్లజోడుతో నిలబడ్డ ఆ మనిషి నా మొగుడైనందుకు నాకు కలిగిన గర్వం ఇంతా అంతా కాదు. వెళ్లి ఆయన చెయ్యి పట్టుకున్నాను. ఆయన ఆ చేతిని వదలకుండానే రెండో చేత్తో పెన్సిల్ వెతుక్కుని, పిచ్చుక ముందుకి ప్రింటు జరిపాడు.

"ఏడవడం తర్వాత, అమ్మాయ్" అన్నాడు. "ఉత్తరపు వాలు కూడా నేనే లెక్కపెట్టాను. రా, అదీ చూద్దాం."